డైరెక్టరు నాలుగో ముగింపు

ఉదయం ఎనిమిదిన్నరకు నేను ఫోను ఎత్తను. అది వాన కొలిచే వేళ. ఉద్యోగంలో ఉన్నప్పుడూ అంతే, రిటైరయ్యాకా అంతే. ఆ సంగతి బాగా తెలిసిన ఓబులమ్మ సరిగ్గా ఆ వేళకే వరుసగా మూడుసార్లు చేసేసరికి, ఏదో అయిందని ఎత్తాను.

"సార్, మన డైరెక్టరు సచ్చిపోయినాడంట. వాళ్ల తమ్ముడు ఇప్పుడే చెప్పినాడు."

"ఎట్లమ్మా?"

"కుర్చీలో కూచోని టీవీలో సినిమా చూస్తా చూస్తా పోయినాడంట. మామూలుగా నిద్రపోతాండాడు అనుకొని సినిమా అయిపోయేదాకా ఎవురూ లేపలేదంట."

"ఎవరి సినిమా?"

"ఎవరిదో సార్. ఆయప్పది మాత్రం కాదు. ఆయప్పవి ఆయప్ప చూడడు గదా."

చావు కబురు విని నవ్వకూడదు. నేను నవ్వాను. అవతల ఓబులమ్మ కూడా నవ్వి, ఆ వెంటనే ముక్కు చీదింది. ఇతరుల సినిమా మొదలైన పది నిమిషాలకు నిద్రపోవడం ఆయన అలవాటు. నిద్రపోకపోతే ఆ సినిమా బాగుందని అర్థం. బెళుగుప్పలో ఉన్న నాలుగు నెలల్లో మా ఇంట్లో టీవీ ముందు ఆయన ఒక్కసారి కూడా మేలుకుని ఉండలేదు.

ఆయనకు మంచి పేరే ఉంది. మూడు ముక్కల పేరు. మొదటి రోజు అడిగి డైరీలో రాసుకుని, రాసింది పైకి చదివాను. ఆ పేరు గలవాడు ఇంకెవరో అయి ఉంటాడన్నట్టు ఆయన మర్యాదగా అటూ ఇటూ చూశాడు. మళ్లీ నేను ప్రయత్నించలేదు. ఊరందరికీ డైరెక్టరు, నా డైరీలో 'డై.' అంతే.

కొరియా దేశంలో ఆయన సినిమాలు రాసేవాడు, తీసేవాడు. తమ్ముడు ఇక్కడి కార్ల ఫ్యాక్టరీలో పనిచేసే వాళ్ల దేశపు ఆఫీసర్ల కోసం గోరంట్లలో గెస్ట్‌హౌస్ నడిపేవాడు. ఆ గెస్ట్‌హౌస్ వంటగదిలో అప్పటికి ఆరేళ్లుగా ఉన్నది మా బెళుగుప్ప ఓబులమ్మ. అక్కడే వినీ వినీ వాళ్ల భాష పట్టేసింది. చదవడం, రాయడం రాదు. "భాషలో ఏముంది సార్? తిండి, తిట్లు వస్తే సగం వచ్చినట్టే" అనేది. తమ్ముడిని చూసి పోదామని వచ్చిన డైరెక్టరు, కారు అద్దంలోంచి ఈ ఎర్రటి నేలను చూసి, ఇక్కడ ఒక వాన పడితే ఎంత దూరం నుంచి చూసినవాడికైనా అర్థమవుతుంది అన్నాడట. ఆ వాన కోసమే ఉండిపోయాడు. ఎప్పుడు పడుతుందని అందరినీ అడిగి విసిగిస్తుంటే ఓబులమ్మ, "వాన సంగతి మా ఊర్లో ఒక సారు ఉండాడు, ఆయప్పకు తెలుస్తాది" అని బస్సెక్కించి నా దగ్గరికి తెచ్చింది.

నేను గణాంక శాఖలో పనిచేశాను. మండలంలో ఎంత వాన పడిందో రోజూ కొలిచి పైకి పంపడం నా పనుల్లో ఒకటి. బెళుగుప్పలో ఆ పని చేయడమంటే గుండు చేయించుకున్నవాడికి రోజూ తల దువ్వడం లాంటిది. ఆఫీసులో ఆటోమేటిక్ యంత్రం వచ్చాక పాత వర్షమాపకాన్ని మూలన పడేశారు. దాన్ని అడిగి తెచ్చుకుని, ఇంటి పక్క ఖాళీ స్థలంలో కంచె వేసి పాతుకున్నాను. మోకాలెత్తు ఇనుప డబ్బా, పైన గరాటు, లోపల సీసా. పడిన నీళ్లను సీసాలోంచి కొలజాడీలో పోసి చూడాలి. ఓబులమ్మ దాన్ని వాన డబ్బా అంటుంది. మా ఆవిడ దాన్ని ఏమంటుందో ఇక్కడ రాయను.

ఆయన మొదటిసారి మా ఇంటికి రావడం జూన్ చివర్లో. బూట్లు విప్పి, వాటి ముక్కులు వీధి వైపు తిప్పి జతగా పెట్టాడు. లోపలికి వచ్చీ రాగానే నా వయసు అడిగాడు. నేను రెండేళ్లు పెద్దవాడినని తేలింది. అంతే, మజ్జిగ గ్లాసు రెండు చేతులా అందుకుని, ముఖం గోడ వైపు తిప్పుకుని తాగాడు. మా ఆవిడ ముఖం చిన్నబోయింది.

"మజ్జిగ పులిసిందేమో?"

"కాదమ్మా," అంది ఓబులమ్మ. "పెద్దోళ్ల ఎదురుగా తాగేటప్పుడు అట్ల పక్కకు తిరిగేది వాళ్ల మర్యాద. సారాయి కూడా అట్లనే తాగుతారు."

"సారాయికి కూడా మర్యాదనా? మా తమ్మునికి రొంత నేర్పి పొమ్మను."

తర్వాత ఆయన ప్రశ్న వేశాడు. బెళుగుప్పలో ఏ రోజు వాన పడుతుంది? పడిన రోజులు చెప్పగలను గానీ పడబోయే రోజులు చెప్పలేనన్నాను. ఆయన ఒప్పుకోలేదు. నా డైరీలు చూస్తానన్నాడు. బీరువా తెరిచి చూపించాను. ఒకటి తీసి పేజీలు తిప్పాడు. సున్నా, సున్నా, సున్నా. ఇంకొకటి తీశాడు. అందులోనూ అవే. ఒక గంట సేపు వరుసగా సున్నాలు చదివిన మనిషిని నేను ఆయన్నొక్కడినే చూశాను. మా పై అధికారులు కూడా అంత శ్రద్ధగా చదవలేదు. చివరికి ఏదో అడిగాడు.

"లేనప్పుడు రాసేది ఏమిటికి, ఖాళీగా వదిలిపెడితే సరిపోతాది గదా అంటాండాడు," అంది ఓబులమ్మ.

"ఖాళీ వేరు, సున్నా వేరు అని చెప్పు. ఖాళీగా ఉంటే నేను పోయి చూడలేదని. సున్నా ఉంటే పోయి చూసినాను, లేదు అని."

ఆమె రెండు మాటల్లో చెప్పింది. ఆయన లేచి నిలబడి డైరీకి వంగి నమస్కారం చేశాడు. మా ఆవిడ వంటింట్లోకి పోయి నవ్వి వచ్చింది. రెండు రోజుల తర్వాత, అప్పటిదాకా రాసుకున్న స్క్రిప్టు చించి ఓబులమ్మ పొయ్యిలో పెట్టి, మా వీధిలోనే ఒక గది బాడుగకు తీసుకున్నాడు. కొత్త సినిమాలో ఉండేది ఒకే ఒక ముసలాయన. రోజూ పొద్దున్నే పోయి వాన డబ్బా చూస్తాడు. ఏమీ ఉండదు. వస్తాడు. ఆ ముసలాయన నేనే కావాలట.

ఇంకెవరూ లేరు. కెమెరా ఆయనే. సౌండూ ఆయనే. లైటు సూర్యుడు. మిగతా అన్ని పనులకూ, అంటే వంట, గొడుగు, భాష, ఊరివాళ్లతో తగువులు, వీటన్నిటికీ తమ్ముడు ఓబులమ్మను పంపించాడు. సొంత ఊరికి జీతంతో వచ్చిన సంతోషంలో ఆమె కూడా ఒప్పుకుంది.

ఆయనకు వచ్చిన తెలుగు ఒకే మాట. ఓబులమ్మ నేర్పింది: "ఇంగోతూరి." అంటే ఇంకోసారి. నేను గేటు తెరుచుకుని డబ్బా దగ్గరికి నడవాలి. నడిచేవాడిని. ఇంగోతూరి. గేదె అడ్డం వచ్చింది, ఇంగోతూరి. గేదె అడ్డం రాలేదు, అయినా ఇంగోతూరి. పోను పోను ఆ మాట ఊరంతా వాడేశాడు. టీ బంకులో ఇంకో టీ కావాలన్నా, మంగలి షాపులో గడ్డం ఇంకాస్త నున్నగా కావాలన్నా, అవతలివాడు చెప్పింది అర్థం కాకపోయినా అదే. ఒక రోజు మా ఆవిడ పెట్టిన ఊరుబిండి పచ్చడి తిని కళ్లనీళ్లు కారుతుంటే చెయ్యి చాపి అదే మాట అన్నాడు. ఆమెకు ఆయన మీద గౌరవం కలిగింది అప్పుడే.

ఓబులమ్మ అనువాదం గురించి కూడా చెప్పాలి. ఆయన చేతులు తిప్పుతూ మూడు నిమిషాలు చెప్పేవాడు. ఆమె విని, "వద్దంట సార్" అనేది.

"అంతసేపు చెప్పినాడు గదమ్మా?"

"మిగతాదంతా ఏమిటికి వద్దో చెప్పినాడు. అది మనకేమిటికి?"

ఆయన జీవితకథ మాకు అలాగే వచ్చింది, పిండేసిన గుడ్డలాగా. సాయంత్రం పూట మా ఇంటి ముందర కట్ట మీద కూర్చుని వేరుశనక్కాయలు ఒలుస్తూ చెప్పేవాడు. పొట్టు పారేసేవాడు కాదు. ఒకదాని పక్కన ఒకటి వరుసగా పేర్చి, ఇది మొదటి సీను, ఇది రెండో సీను అంటూ వేలితో చూపించేవాడు. చివరి పొట్టు దగ్గరికి రాగానే చేత్తో ఊడ్చేసేవాడు. ఆయన తీసినవి మూడు సినిమాలు. మూడింటికీ చివరి సీను ఆయనది కాదు. అదీ కథ.

మొదటి దాంట్లో ఒక ముసలామె జీవితమంతా పడవ కోసం రేవులో ఎదురు చూస్తుంది. పడవ వస్తుంది. ఆమె ఎక్కదు. ఇది ఆయన రాసింది. నిర్మాత భార్యకు ఏడుపు ముగింపులు పడవట. ఆమె పట్టుబట్టి ముసలామెను పడవ ఎక్కించి, అవతలి ఒడ్డున కొడుకు పెళ్లి కూడా జరిపించింది. సినిమాకు బహుమతి వచ్చింది. ముగింపు అద్భుతంగా ఉందని వచ్చింది.

"ఆ బహుమతి వాళ్ల తమ్ముని దగ్గర నేను చూసినాను సార్," అంది ఓబులమ్మ. "ఇత్తడిదో రాగిదో, బరువు బాగుండాది. గోరంట్లలో ఊరగాయ జాడీ మీద బరువుకు పెట్టుకొన్యాం."

రెండో సినిమాలో హీరో చచ్చిపోవాలి. షూటింగు సగంలో ఉండగా ఆ హీరోకు ఒక బలం మందు ప్రకటన వచ్చింది. బలం మందు అమ్మేవాడు తెర మీద చస్తే ఎట్లా? హీరో చావనన్నాడు. పైగా చావబోయి లేచి కూర్చునే సీనులో వాన కావాలన్నాడు. ఫైరింజను తెచ్చి నీళ్లు కొట్టారు. జాగ్రత్తగా చూస్తే తెర మీద ఒక మూల పైపు కనపడుతుందట. ఆ రోజు నుంచి ఆయన అబద్ధం వాన తీయనని ఒట్టు పెట్టుకున్నాడు.

"మనోళ్లు కూడా సావరు గదా సార్," అంది ఓబులమ్మ. "యా దేశంలో సూడు, హీరోలు ఒగటే జాతి."

మూడోది ఆడింది ఒకే థియేటర్లో. ముగింపు ఆయన రాసినట్టే తీశాడు, ఎవరూ మార్చలేదు. మొదటి రోజు పోయి వెనక వరుసలో కూర్చున్నాడు. చివరి పది నిమిషాలు మిగిలి ఉండగా లైట్లు వెలిగాయి. కరెంటు సమస్యేమో అనుకున్నాడు. జనం లేచి పోతున్నారు. ఏమిటని అడిగితే, ఈ ఆట పూర్తిగా వేస్తే ఊరికి పోయే బస్సు తప్పిపోతుందనీ, అందుకని రోజూ ఇక్కడికే ఆపేస్తామనీ యజమాని చెప్పాడట. దాని తర్వాత ఎవరూ సినిమా ఇవ్వలేదు. పదేళ్లు టీవీ సీరియళ్లకు వేరేవాళ్ల పేరు మీద మాటలు రాశాడు. ఒక అత్త పాత్రను మూడుసార్లు చంపి మూడుసార్లు బతికించాల్సి వచ్చిందట, ఇల్లాళ్లు ఉత్తరాలు రాస్తే.

ఇదంతా ఆయన బాధపడుతూ చెప్పాడని అనుకోవద్దు. పడీపడీ నవ్వుతూ చెప్పాడు. నవ్వు అయిపోయాక మాత్రం ఒక మాట అన్నాడు, దాన్ని ఓబులమ్మ కుదించకుండా చెప్పింది.

"ఈతూరి ప్రొడ్యూసరు లేడు, హీరో లేడు, థియేటరు లేదు అంటాండాడు సార్. ఆఖరి బొమ్మ నేను రాసినట్టే వస్తాది, అది చూసుకొని పోతా అంటాండాడు."

దీపావళికి గెస్ట్‌హౌస్ ఒప్పందం అయిపోతుంది. తమ్ముడితో పాటు ఆయనా వెళ్లిపోవాలి. ఈ వయసులో మళ్లీ ఇంత దూరం రావడమంటూ ఉండదు. అప్పటిలోగా బెళుగుప్పలో, పొద్దున పూట, వెలుతురున్నప్పుడు, నిజమైన వాన పడాలి. అది పడుతుండగా ముసలాయన డబ్బా పక్కన ఊరికే నిలబడి ఆకాశం చూడాలి. కొలవకూడదు. అదే చివరి బొమ్మ.

ఈ కొలవకూడదన్న దగ్గర మాకు గొడవ వచ్చింది.

"అట్ల కుదరదు. వాన పడితే కొలవకుండా నిలబడేవాడు మా డిపార్టుమెంటులో ఉండడు."

"సినిమా గదా సార్," అంది ఓబులమ్మ.

"సినిమా అయితే మాత్రం?"

ఆయన ఏదో అన్నాడు. "ఇన్నేండ్లు రానిది వస్తే మనిషి దాన్ని లెక్కబెట్టడంట సార్, సూస్తాడంట."

"ఈయనకు ఎప్పుడైనా అట్ల రానిది వచ్చిందా, చూసినాడా, అడుగు."

అడిగింది. ఆయన చాలాసేపు నవ్వాడు. "లేదంట సార్. ఏదీ రాలేదంట."

ఆ జవాబుకు నేను ఒప్పుకున్నాను. వాన పడితే నిలబడతానన్నాను.

జులై అంతా గేటు తెరవడం, మూయడం. ఆగస్టులో ఊరివాళ్లు వాన కోసం గాడిదలకు పెళ్లి చేశారు. డైరెక్టరు కెమెరా పట్టుకుని పరిగెత్తాడు. బాసింగం కట్టిన మగ గాడిద, పసుపు కొమ్ము కట్టించుకుంటున్న ఆడ గాడిద, మేళతాళాలు, పూజారి. ఆయన పెళ్లికూతురికి వంగి నమస్కారం చేసి, కెమెరా మూసి సంచిలో పెట్టేశాడు. ఎందుకని అడిగితే, ఇది తీస్తే నేను కల్పించి రాశానంటారు, ఎవరూ నమ్మరు అన్నాడు. విందులో మాత్రం రెండుసార్లు భోంచేశాడు.

గాడిదల పుణ్యమో ఏమో, వాన రెండుసార్లు వచ్చింది. ఒకసారి ఆయన బ్యాటరీ కోసం గోరంట్లకు పోయిన రోజు. తిరిగొచ్చి తడి నేల చూసి, బస్టాండు నుంచి మా ఇంటి దాకా కొరియా భాషలో తిట్టుకుంటూ వచ్చాడు. ఏమంటున్నాడని అడిగితే ఓబులమ్మ, "అవి సెప్పేటియి కాదులే సార్" అంది. రెండోసారి మధ్యాహ్నం, ఆయన కెమెరా కాళ్లు బిగించేలోపు ఆగిపోయింది. నన్ను అనుమానంగా చూశాడు, నేనే ముందుగా చెప్పి పంపించానన్నట్టు. అప్పటి నుంచి తెల్లవారగానే కెమెరా నా స్థలంలో నిలబెట్టి, దాని పక్కనే కుర్చీ వేసుకుని కూర్చునేవాడు. నా పెన్నులు రెండు అడిగి తీసుకుని ఏదో రాసుకునేవాడు. ఆ పెన్నులు తిరిగివ్వలేదు.

సెప్టెంబరు చివర్లో ఒక పొద్దున, ఎనిమిది దాటాక, రాయదుర్గం వైపు నుంచి మబ్బు వచ్చింది. ఉత్తుత్తి మబ్బు ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇది అది కాదు. డైరెక్టరు కుర్చీలోంచి లేచాడు. నన్ను డబ్బా పక్కన నిలబెట్టి, భుజాలు సరిచేసి, ముక్కు ముందు వేలు ఆడించాడు. కదలొద్దని. కెమెరా నాకు రెండు బారల దూరంలో, డబ్బాకు ఇంకా దగ్గరగా. దాని మీద తడి పడకుండా ఓబులమ్మ పెద్ద నల్ల గొడుగు పట్టుకుంది.

వాన దిగింది. చినుకులు కాదు, ఒకేసారి బరువుగా దిగింది. నేను నిలబడ్డాను. ఆకాశం చూశాను. కళ్లద్దాల మీద నీళ్లు కారుతున్నాయి. ఇంకెంతసేపో తెలియదు, కానీ నిలబడగలననే అనుకున్నాను. అప్పుడు డబ్బా వైపు నుంచి చప్పుడు వినిపించింది. వాన గరాటులో పడే చప్పుడు నాకు తెలుసు. ఇది వేరు. ఇది ధార. తల తిప్పకుండా కంటి కొసతో చూశాను. ఓబులమ్మ పట్టుకున్న గొడుగు అంచు సరిగ్గా గరాటు మీదికి వచ్చింది. గొడుగు మీద పడిన వాన అంతా ఒక ఊచ కొస నుంచి కారి నేరుగా డబ్బాలోకి పోతోంది.

ఓర్చుకున్నాను. ఎంతసేపు? డైరీలో 'కొద్దిసేపు' అని ఉంది. తర్వాత నా కాళ్లు వాటంతట అవే కదిలాయి.

"ఓబులమ్మా! గొడుగు తీయ్! డబ్బాలో పడతాండాది, కండ్లు కనపడతాండ్లేదా? లెక్క తప్పుతాది!"

"తీస్తే కెమెరా తడుస్తాది సార్!"

"కెమెరా తడిస్తే ఆరేస్తారు. లెక్క తడిస్తే ఎవురు ఆరేస్తారు?"

గొడుగు పట్టుకుని గుంజాను. ఆమె వదల్లేదు. ఆమె మోచెయ్యి తగిలి కెమెరా కాళ్లు మడత పడ్డాయి. కెమెరా బురదలో పడింది. ఇంకో రెండు నిమిషాలకు వాన కూడా, ఇక్కడ మర్యాదస్తులెవరూ లేరన్నట్టు, వెళ్లిపోయింది.

డైరెక్టరు బురదలో కూర్చున్నాడు. కెమెరా తీసి చొక్కాతో తుడిచాడు. నొక్కాడు. వెలగలేదు. అందులోని మెమరీ కార్డు తీసి జేబులో పెట్టుకున్నాడు. ఇంగోతూరి అంటాడని ఎదురు చూశాను. మూడు నెలల్లో మొదటిసారి ఆయన ఆ మాట అనలేదు. లేచి నాకు వంగి నమస్కారం చేసి తన గదికి పోయాడు. తిట్టి ఉంటే బాగుండేది.

ఎనిమిదిన్నర అయింది. నేను సీసా తీసి కొలిచాను. వచ్చిన అంకె పక్కన 'గొడుగు నీరు కలిసింది' అని రాశాను.

మా ఆవిడ ఆ రోజు నాకు అన్నం పెట్టింది గానీ మాట పెట్టలేదు. సాయంత్రం ఒక్కటే అడిగింది.

"ఇన్నేండ్లు ఎండిపోయిన డబ్బాను సూస్తివి. ఒక్క పూట సూడకుంటే ఏం కొంప మునిగిపోతాండె?"

ఆయన మొదటి సినిమా ముగింపు నిర్మాత భార్య తీసుకుంది, రెండోది బలం మందు తీసుకుంది, మూడోది బస్సు తీసుకుంది. నాలుగోదాన్ని తీసుకున్నది నేను. వాళ్లకైనా ఏదో లాభం ఉంది.

మూడు వారాలు గడిచాయి. మబ్బు పొడ లేదు. ఆయన గదిలోంచి బయటికి రావడం మానేశాడు. ఇంకో వారంలో ప్రయాణమని ఓబులమ్మ చెప్పింది. ఆ సాయంత్రం నేనే ఆయన గదికి వెళ్లాను. కాగితాలు సర్దుకుంటున్నాడు. నన్ను చూసి లేచి, నేను పెద్దవాడిని కాబట్టి, కుర్చీ నాకు ఇచ్చాడు.

"ఓబులమ్మా, మీ తమ్ముని చేన్లో స్ప్రింక్లర్లు ఉండాయి గదా. వాటి కింద నేను నిలబడతానని చెప్పు. తను రాసింది రాసినట్టు నిలబడతాను."

ఆమె చెప్పింది. ఆయన చేతిలోని కాగితాలు పక్కన పెట్టాడు.

"అబద్ధం వాన తీయను అని నేను అంటి, కొలవకుండా నిలబడను అని సారు అనె. ఇద్దరమూ మాట తప్పుతామా అని అడుగుతాండాడు సార్."

"తప్పుతాం అని చెప్పు."

మరునాడు పొద్దున వేరుశనగ చేన్లో నా వర్షమాపకాన్ని మోసుకుపోయి పాతాం. ఓబులమ్మ తమ్ముడు మోటారు దగ్గర నిలబడి, "కరెంటు ఉండేది రొంతసేపే, బిరీన కానీండప్పా" అని కేకలేస్తున్నాడు. కెమెరా లేదు కాబట్టి ఓబులమ్మ సెల్‌ఫోనుతోనే తీశాడు. స్ప్రింక్లరు చక్ చక్ మని తిరుగుతూ నా ముఖాన నీళ్లు కొట్టి పోయేది, మళ్లీ వచ్చేది. వాన అలా వాయిదాల పద్ధతిలో పడదు. అయినా నేను నిలబడ్డాను. ఆకాశం చూశాను. డబ్బాలో నీళ్లు పడుతున్న చప్పుడు వినిపిస్తోంది, నాకేమీ అనిపించలేదు. బోరు నీళ్లు. వాటికీ నాకూ లెక్క లేదు. ఆయన చెప్పినంతసేపు, ఆయన చెప్పినట్టే, చేతులు కిందికి వేలాడేసి నిలబడ్డాను.

ఫోను కిందికి దించి, "ఓకే" అన్నాడు.

ఆ మాట ఆయన నోట వినడం అదే మొదలు. అంత కష్టం మీద వచ్చిన మాటకు ముగ్గురిలో ఎవరికీ సంతోషం కలగలేదు ఎందుకో. నేను తల తుడుచుకుంటుంటే ఆయన చేను గట్టు మీద కూర్చుని పచ్చి వేరుశనక్కాయ ఒకటి పీకి, ఒలవకుండా చేతిలో తిప్పుతూ ఉండిపోయాడు. అయిదో రోజు ఆయన తమ్ముడు కారు పంపించాడు. ఆయన నాకు నమస్కారం చేశాడు, మా ఆవిడకు చేశాడు, వాన డబ్బాకు చేశాడు, కారెక్కాడు. మా ఆవిడ ఊరుబిండి సీసా కిటికీలోంచి ఇచ్చింది. ఇది జరిగి రెండేళ్లు.

ఆయన పోయిన కబురు వచ్చిన వారం తర్వాత, ఓబులమ్మ అనంతపురం నుంచి పొద్దున బస్సుకు దిగింది. గోరంట్ల గెస్ట్‌హౌస్ మూతబడ్డాక అనంతపురంలోనే ఒక హాస్టల్లో వంటకు కుదిరింది. "వాళ్ల తమ్ముడు సినిమా పంపించినాడు సార్. ఇంట్లోనే కూచోని రెండేండ్లు అతికించినాడంట. పోయేదానికి పది దినాల ముందర అయిపోయిందంట."

నీళ్ల చెంబుకు ఫోను ఆనించి పెట్టాం. ముగ్గురం చాప మీద కూర్చున్నాం. కింద ఏవో అక్షరాలు వస్తూ పోతూ ఉన్నాయి, ఓబులమ్మకు చదవడం రాదు, మాకు సరేసరి. తెర మీద నేను గేటు తెరుచుకుని నడిచాను. చూశాను. తిరిగి వచ్చాను. మళ్లీ నడిచాను. నడుము అంత వంగిందని నాకు తెలియదు. గంట సేపు అదే. మధ్యలో ఓబులమ్మ కునికింది. మా ఆవిడ కునకలేదు. నాకు మాత్రం ఒకటే ఆలోచన. చివర్లో స్ప్రింక్లరు నీళ్లలో నిలబడిన నన్ను చూడాలి. ఆ నీళ్లు అబద్ధమని తెలిసిపోతుందా, పైపు ఎక్కడైనా కనపడుతుందా అని.

మబ్బు వచ్చింది. వాన దిగింది. చేను లేదు. అది మా స్థలం. నేను ఆకాశం చూస్తున్నాను. చూస్తూ చూస్తూ ఉండగా నా ముఖం మారింది. కళ్లు డబ్బా వైపు పోయాయి. దవడ బిగిసింది. తర్వాత నేను నేరుగా మా ముగ్గురి మీదికి వస్తున్నాను, చెయ్యి చాపి, అరుస్తూ. లెక్క తప్పుతాది!

"ఇది పెట్టినాడేమి?" అన్నాను. "మంచిది ఉండె గదా. తను రాసినట్టే నిలబడింది ఉండె గదా."

"వాళ్ల తమ్ముడు కూడా అదే అడిగినాడంట సార్," అంది ఓబులమ్మ. "రెండూ పక్కపక్కన పెట్టుకొని శానా దినాలు సూసినాడంట. ఆ నీళ్లల్లో సారు యాక్టింగ్ చేసినాడు అన్యాడంట. దాన్ని ఆయప్పే తన చేతుల్తోనే తీసేసినాడంట. ఎవురూ తీయమనలేదు."

"ఇది మాత్రం యాక్టింగ్ కాదు," అంది మా ఆవిడ తెర మీది నా ముఖాన్ని చూపిస్తూ. "పెండ్లైనప్పటి నుంచి నేను సూస్తాండేది ఇదే."

గొడుగు నల్లగా తెర నిండా కమ్ముకుంది. బొమ్మ పక్కకు ఒరిగింది. బురద, దాని పైన ఒక చారెడు ఆకాశం. తర్వాత అదీ పోయి అంతా చీకటి. వాన చప్పుడు మాత్రం వినిపిస్తోంది. ఓబులమ్మ చార్జింగ్ అయిపోయిందేమోనని ఫోను మీదికి చెయ్యి చాపింది.

నేను ఆమె చెయ్యి పట్టుకుని ఆపాను. "ఉండమ్మా. ఇంకా అయిపోలేదు."

ఆమె చెయ్యి వెనక్కు తీసుకుంది. ఆ చప్పుడు దానంతట అది ఆగిపోయేదాకా ముగ్గురిలో ఎవరమూ లేవలేదు.